మచ్చ అన్న ఒక్క మాట

ఎరిక్ అవెర్‌బాక్ ‘మైమెసిస్’ను ఈ మధ్య మళ్లీ చదివాను. రెండవ ప్రపంచ యుద్ధకాలంలో, ఇస్తాంబుల్‌లో ప్రవాసిగా ఉంటూ రాసి 1946లో ప్రచురించిన ఆ విమర్శగ్రంథం ఒక మచ్చతో మొదలవుతుంది. ఇరవై ఏళ్ల తర్వాత బిచ్చగాడి వేషంలో ఇల్లు చేరిన ఒడిస్సియస్ కాళ్లు కడుగుతున్న ముసలి దాది, తొడ మీది మచ్చ చేతికి తగలగానే వచ్చినవాడెవరో గుర్తుపడుతుంది. హోమర్ కథను అక్కడే నిలిపివేసి, యౌవనంలో పర్నాసస్ కొండ మీద అడవిపంది కోర దిగిన ఆ వేట వృత్తాంతమంతా తీరిగ్గా చెప్పి, ఆ తర్వాతే దాది చేతిలోంచి కాలు జారి నీళ్లపళ్లెం ఒరిగిపోయిన చోటికి తిరిగి వస్తాడు.

అవెర్‌బాక్ ఆ ఘట్టంలోంచి తీసిన సాహిత్య సిద్ధాంతం జోలికి ఇప్పుడు పోవడం లేదు. వైద్యుడిగా నన్ను ఆపినది వేరే సంగతి. ఆ మచ్చకు ఒక రోజు ఉంది, ఒక చోటు ఉంది, ఒక కారణం ఉంది, సాక్షులు కూడా ఉన్నారు. సాహిత్యానికి అలాంటి మచ్చలంటే మక్కువ. మొటిమలు మిగిల్చే మచ్చలకు ఇవేవీ ఉండవు. పదిహేనో ఏట మొదలై ఇరవై అయిదో ఏటికి చెంపలంతా పరుచుకున్న గుంటలలో ఏది ఏ రోజు పడిందో ఎవరూ చెప్పలేరు. చెప్పడానికి వేటా లేదు, యుద్ధమూ లేదు. బహుశా అందుకే కాబోలు, యౌవనం గురించి అన్ని వేల పేజీలు రాసుకున్న మనం, యౌవనం ముఖం మీద వదిలి వెళ్లే ఈ గుర్తుల గురించి దాదాపు ఏమీ రాసుకోలేదు.

నేను చర్మవైద్యుణ్ణి కాను. ఎమిరేట్స్‌లోని ఒక ఆసుపత్రిలో జనరల్ మెడిసిన్ చూస్తాను. అయినా బీపీ మాత్రల కోసమో సుగర్ పరీక్ష కోసమో వచ్చిన మనవాళ్లు, పని ముగిసి లేవబోతూ, గొంతు తగ్గించి అడిగే ప్రశ్న ఒకటుంది: “డాక్టరుగారూ, ఈ మచ్చలు పోతాయాండీ?” కొందరు తమ కోసం అడుగుతారు, ఎక్కువమంది కూతురి కోసం. ఒక్క ముక్కలో జవాబు చెప్పలేకపోతాను. అందుకు కారణం వైద్యంలో కన్నా మన మాటలోనే ఎక్కువగా ఉందని నా అభిప్రాయం.

తెలుగులో మచ్చ అన్న మాట ఎంత బరువు మోస్తున్నదో చూడండి. పుట్టుకతో వచ్చింది పుట్టుమచ్చ. పదోతరగతి సర్టిఫికెట్లో మనిషిని పోల్చుకునే ఆనవాలు అదే. కాలిన చోట మిగిలింది మచ్చ, కుట్లు వేసిన చోట మిగిలింది మచ్చ, రంగు పోతే తెల్లమచ్చ, రంగు ముదిరితే నల్లమచ్చ. చంద్రునిలో ఉన్నదీ మచ్చే, మనిషి నడవడిలో ఉండకూడనిదీ మచ్చే. మొటిమ తగ్గిన చోట మిగిలే గోధుమరంగు చుక్క, చర్మంలో పడిన గుంట, పైకి లేచిన గట్టి గడ్డ, ఈ మూడూ కూడా మనకు మచ్చలే. వీటిలో మొదటిది నిజానికి గాయపు మచ్చ కాదు, అది మరక. మంట పుట్టిన చోట చర్మం అదనంగా వదిలిన మెలనిన్ రంగు. మనవంటి చామనచాయ చర్మాలలో అది ముదురుగా పడుతుంది; ఎండ తగలకుండా చూసుకుంటే కొన్ని నెలల్లోనో, ఏడాది రెండేళ్లలోనో తనంతట తానే పలచబడుతుంది. గుంట అలా కాదు. అక్కడ చర్మపు కట్టడమే మారిపోయింది. పడ్డాక అది తనంతట తాను పూడదు. గడ్డ సంగతి మరీ వింత, అది కొందరిలో ఏళ్ల తరబడి పెరుగుతూనే ఉంటుంది.

మరకకూ గుంటకూ ఉన్న తేడా తెలియడానికి చంద్రుణ్ణి మించిన ఉదాహరణ నాకు దొరకలేదు. మనం కుందేలనీ కళంకమనీ చెప్పుకున్నది కేవలం రంగు తేడా: ఎప్పుడో పారిన లావా గడ్డకట్టిన నల్లరాతి మైదానాలు. వెలుగు నేరుగా పడే పున్నమినాడు అవి చక్కగా కనిపిస్తాయి. గుంటలు వేరు. 1609 చివర గెలీలియో దూరదర్శినితో చూసినప్పుడు వాటిని పట్టి ఇచ్చింది నీడ. వెలుగూ చీకటీ కలిసే సరిహద్దులో, ఏటవాలుగా పడే ఎండలో, ప్రతి గుంటకూ ఒక పక్క వెలుగు, ఒక పక్క నీడ. 1610లో ఆయన అచ్చువేసిన చిన్న పుస్తకంలోని బొమ్మలు ఆ నీడలవే. నిండు పున్నమి వెలుగులో అవే గుంటలు చాలావరకు చదునైపోతాయి. చర్మవైద్యులు చేసే పనీ ఇదే. పైలైటు ఆర్పి, దీపాన్ని చెంపకు పక్కగా పట్టి చూస్తారు. ఎదురు వెలుగులో కనిపించేది మరక, పక్క వెలుగులో తేలేది గుంట.

ఇంతకీ గుంట ఎలా పడుతుంది? ముఖం మీద, ఛాతీ మీద, వీపు పైభాగాన తైలగ్రంథులు దట్టంగా ఉంటాయి. అవి రోమకూపాలలోకి తెరుచుకుంటాయి. యౌవనారంభంలో హార్మోన్ల ప్రభావంతో తైలం ఎక్కువగా ఊరుతుంది. కూపం గోడల నుంచి రాలే కణాలు బయటికి పోక ముద్దకట్టి మూతి మూసేస్తాయి. ఆ మూత కింద క్యూటిబాక్టీరియం ఆక్నెస్ అనే సూక్ష్మజీవి పెరుగుతుంది. కూపం ఉబ్బి, గోడ చిట్లి, లోపలి సరుకంతా చర్మపు లోపొరలోకి ఒలికినప్పుడు అసలు గొడవ మొదలవుతుంది. శరీరం దాన్ని పరాయి వస్తువుగా ఎంచి తెల్లకణాలను పంపుతుంది. అవి వదిలే ఎంజైములకు తన పర భేదం లేదు. ఒలికినదానితో పాటు చర్మాన్ని నిలబెట్టే కొల్లాజెన్ పోగులను కూడా కోసివేస్తాయి. మంట చల్లారాక మరమ్మతు జరుగుతుంది. మరమ్మతులో కొల్లాజెన్ తక్కువ పడితే గుంట, ఎక్కువ పడితే గడ్డ. మొటిమ మచ్చలున్నవారిలో నూటికి ఎనభై, తొంభై మందివి గుంటలే. మొటిమను గిల్లవద్దని పెద్దవాళ్లు చెప్పేది ఇందుకే, వాళ్లకు కారణం తెలియకపోయినా. గిల్లినప్పుడు చీము కొంత బయటికి వచ్చినట్టు కనిపిస్తుంది గాని, అదే ఒత్తిడి లోపలికి కూడా పోయి, అప్పటిదాకా నిలిచిన గోడను పగలగొడుతుంది.

మశూచి గుంటలు ముఖం మీదే అంత ఎక్కువగా ఎందుకు పడేవో కూడా ఇక్కడే అర్థమవుతుంది. ఆ వైరస్ తైలగ్రంథులను ధ్వంసం చేసేది. అవి ముఖం మీద దట్టం. స్ఫోటకపు మచ్చల ముఖాలు మన పాత కథలలో తరచుగా ఎదురవుతాయి. 1980లో ఆ వ్యాధి ప్రపంచం నుంచి తొలగిపోయిందని ప్రకటించాక ఆ ముఖాలు క్రమంగా వీధుల్లోంచీ కథల్లోంచీ కూడా మాయమయ్యాయి. మొటిమ గుంట మాత్రం అలాగే ఉంది. దానికి అమ్మవారి పేరూ లేదు, జాతరా లేదు.

గుంటలన్నీ ఒక్కటి కావు. 2001లో జేకబ్, డోవర్, కామినర్ అనే ముగ్గురు అమెరికన్ వైద్యులు వీటిని మూడుగా విడదీశారు. వాళ్లు పెట్టిన పేర్లు వాళ్ల ఇళ్లలోంచీ రైల్వే యార్డుల్లోంచీ వచ్చాయి: ఐస్‌పిక్, బాక్స్‌కార్, రోలింగ్. మంచుగడ్డను పొడిచే సూదిని నేను ఎన్నడూ వాడలేదు. కనుక నా రోగులకు వేరే పోలికలు చెబుతాను.

మొదటిది దబ్బనం పోటు. గోనెసంచిలో దబ్బనం దింపి తీసినట్టు, పైన రెండు మిల్లీమీటర్లకు మించని చిన్న రంధ్రం, లోపలికి పోయేకొద్దీ సన్నబడుతూ చాలా లోతుకు దిగుతుంది. రోమకూపం పొడవునా మంట కిందిదాకా పాకినప్పుడు మిగిలే బాట ఇది. చూడడానికి అతి చిన్నది, వైద్యానికి అతి మొండిది. పైపై చికిత్సలేవీ దాని అడుగును అందుకోలేవు.

రెండవది దీపపు గూడు. పాత ఇళ్ల గోడలలో ప్రమిద పెట్టడానికి చెక్కిన గూటిలా, అంచులు నిట్టనిలువుగా తెగి, అడుగు చదునుగా ఉంటుంది. వెడల్పు సుమారు ఒకటిన్నర నుంచి నాలుగు మిల్లీమీటర్లు. లోతు అర మిల్లీమీటరు లోపయితే ఒక రకం వైద్యం, దాటితే మరొకటి.

మూడవది అర్థం చేసుకోవలసినది. దూదిపరుపును చూడండి. పరుపు మధ్యలో అక్కడక్కడ దారంతో ముడి వేస్తారు. ముడి పడిన చోట బట్ట లోపలికి లాగి ఉంటుంది, చుట్టూ మెల్లగా ఎత్తు పెరుగుతుంది. అక్కడ బట్ట చిరగలేదు, దూదీ తగ్గలేదు. తప్పంతా కింద లాగుతున్న దారానిది. నాలుగయిదు మిల్లీమీటర్ల కన్నా వెడల్పుగా, అంచులు లేకుండా, చెంప అలలు తిరిగినట్టు కనిపించే గుంటలు ఇవే. పైచర్మం దాదాపు మామూలుగానే ఉంటుంది. కింద ఏర్పడిన నారపోగులు దాన్ని లోపలి పొరకు కట్టి లాగుతుంటాయి. ఈ పోలిక చెప్పిన తర్వాత, పైన పూసే ఏ క్రీమూ దీన్ని ఎందుకు నయం చేయలేదో నేను వేరే వివరించవలసిన అవసరం ఇంతవరకు రాలేదు. పరుపు మీద ఎంత ఇస్త్రీ చేసినా ముడి విడదు కదా. ఆ దారాన్ని తెంచే చికిత్సే సబ్‌సిషన్: చర్మం కింద సూదిని అడ్డంగా నడిపి పోగులను కోయడం. 1995లో ఓరెన్‌ట్రైక్ వైద్యులు దాన్ని వర్ణించారు. దబ్బనం పోట్లకు గాఢమైన ఆమ్లాన్ని బొట్టుబొట్టుగా రంధ్రంలోనే తాకించే పద్ధతిని 2002లో కొరియా వైద్యులు ప్రచురించారు. గూళ్లలో లోతైనవాటిని గుండ్రటి కత్తితో తొలిచి పైకి లేపడమో, కత్తిరించి కుట్టడమో చేస్తారు. లోతులేనివాటికి లేజర్, సూదుల రోలర్ వంటివి. ఒకే ముఖం మీద మూడు రకాలూ కలిసి ఉండడమే మామూలు, కాబట్టి ఒక్క యంత్రంతో, ఒక్క సిట్టింగులో ముఖం నున్నబడుతుందన్న ప్రకటనను నేను నమ్మను. వీటన్నిటి ఫలం కూడా మెరుగుదలే, మాయం కావడం కాదు. పైగా మన చర్మం మీద లేజర్ తీవ్రత ఏమాత్రం ఎక్కువైనా, గుంట సగం పూడి కొత్త మరక పడుతుంది.

పైకి లేచే గడ్డలను, అంటే దవడ అంచున, ఛాతీ మీద, భుజాల మీద వచ్చే కీలాయిడ్‌లను త్వరగా ముగిస్తాను. 19వ శతాబ్ది తొలినాళ్లలో అలిబెర్ అనే ఫ్రెంచి వైద్యుడు ఈ పేరును పీత డెక్కను సూచించే గ్రీకు మాట నుంచి తీశాడు. గాయపు హద్దు దాటి పక్కకు పాకడం దాని లక్షణం. కోసి పారేస్తే మరింత పెద్దదై తిరిగి రావచ్చు. అది తెలియక అందం కోసం కోయించుకున్నవారి బాధ చెప్పనలవి కాదు.

ఒకే రకం మొటిమలు ఇద్దరికి వస్తే ఒకరికి గుంటలు పడి, ఒకరికి పడకపోవడం ఎందుకు? 2004లో బ్రిటన్ పరిశోధకులు హాలండ్ బృందం రెండు తెగలవారి మొటిమల ముక్కలు తీసి పోల్చారు. గుంటలు పడనివారిలో శరీరం మొదట్లోనే గట్టిగా ఎదురుతిరిగి, పని కాగానే చల్లబడింది. గుంటలు పడేవారిలో ఆరంభం మందంగా ఉండి, మొటిమ మానుతున్న దశలో కూడా మంట ఆరలేదు. అంటే మచ్చను నిర్ణయించేది మంట ఎంత పెద్దదన్నది మాత్రమే కాదు, ఎంతకాలం నిలిచిందన్నది కూడా. అంతకు పదేళ్ల ముందు, 1994లో లేటన్, కన్‌లిఫ్ మొదలైనవారు 185 మంది మొటిమల రోగులను పరీక్షించి ప్రచురించిన వ్యాసం దీనికి జోడీ. ముఖం మీద ఎంతో కొంత మచ్చ నూటికి 95 మందిలో కనిపించింది. ఆడా మగా తేడా లేదు. మొటిమలు మొదలైనప్పటి నుంచి తగిన చికిత్స అందేదాకా గడిచిన కాలానికీ, చివరకు మిగిలిన మచ్చల తీవ్రతకూ సంబంధం ఉంది. ఆ లెక్కలో మూడేళ్ల దాకా జరిగిన జాప్యం ప్రధానం.

నా అభిప్రాయమంతా ఈ మూడేళ్ల మీద నిలబడి ఉంది. మన ఇళ్లలో ఆ మూడేళ్లు ఎలా గడుస్తాయో మీకు తెలుసు. “వయసు మొటిమలు, వాటంతటవే పోతాయి.” “ఒళ్లు వేడి, నూనె సరుకులు మానెయ్.” “పెళ్లయితే తగ్గిపోతాయి.” చివరి మాటలోని వైద్యం సంగతి ఎలా ఉన్నా, తర్కం అద్భుతం: తగ్గితే గాని పెళ్లి కుదరదని అదే నోటితో అంటారు. మొటిమలు కాలం గడిస్తే పోతాయన్నది చాలామంది విషయంలో నిజమే. అవి వదిలి వెళ్లే గుంటలు పోవు. మచ్చ ఒక్కటే మాట కావడంతో ఈ తేడా మాటల్లో పట్టుబడదు. మేనత్తకు పోయిన మరక, మేనకోడలికి పడుతున్న గుంటకు భరోసా అయి కూర్చుంటుంది.

ఇక్కడికి వచ్చిన ఒక కుర్రవాడి సంగతి చెబుతాను. ఊరూ పేరూ అనవసరం. పాతికేళ్లు లేని ఎలక్ట్రీషియను, ఎండలో పని. కడుపునొప్పికి చూపించుకోవడానికి వచ్చి చివరికి మచ్చల సంగతి ఎత్తాడు. ఊరి నుంచి ఆవకాయతో పాటు సూట్‌కేసులో వచ్చిన క్రీమును రెండేళ్లుగా రాస్తున్నాడు. “అది రాశాక నల్లదనం పోయింది సార్, మచ్చలు తగ్గాయి” అన్నాడు. ట్యూబు తెప్పించి చూస్తే అందులో ఘాటైన స్టిరాయిడ్ ఉంది. స్టిరాయిడ్ ఎరుపును అణచి, రంగును పలచన చేస్తుంది. మరక తగ్గినమాట నిజం. ఆ తెర వెనుక చర్మం పలచబడింది, స్టిరాయిడ్ వల్లే కొత్త మొటిమలు లేచాయి, మాన్పిస్తే ముఖం మండి ఎర్రబడే స్థితికి చేరాడు. రెండేళ్లూ గుంటలు పడుతూనే ఉన్నాయి. అతను తెలివితక్కువవాడు కాదు. పెళ్లిచూపుల వీడియో కాల్‌లో కిటికీకి ఎదురుగా కూర్చుంటే గుంటలు కనిపించవని తనంతట తాను కనిపెట్టాడు. గెలీలియో సూత్రాన్ని తిరగేసి వాడుకున్నాడన్నమాట. అతనికి లేనిది తెలివి కాదు, రెండు మాటలు. తన ముఖం మీద రెండు వేర్వేరు విషయాలున్నాయని చెప్పే రెండు మాటలు ఎవరూ ఇవ్వలేదు.

ఇండియాలో ఇలాంటి పూతల మీద చర్మవైద్యుల సంఘం ఏళ్ల తరబడి మొత్తుకున్న తర్వాత, 2018లో కేంద్రం స్టిరాయిడ్ పూతమందులను డాక్టరు చీటీ ఉంటేనే అమ్మాలని నియమం బిగించింది. నియమం మంచిదే. కానీ అడిగేవాడు “మచ్చలకు క్రీము” అని అడిగినంతకాలం, కౌంటరు అవతలివాడు ఇచ్చేది కూడా మచ్చలకు క్రీమే. 1975 నుంచి తెల్లదనాన్ని పేరులోనే పెట్టుకుని అమ్ముడైన క్రీము ఒకటి 2020లో పేరు మార్చుకున్నా, మన పెళ్లిచూపుల్లో చాయ అన్న మాట మారలేదు.

అసలు మందులు లేవా అంటే ఉన్నాయి. రెటినాయిడ్ పూతలు, బెంజాయిల్ పెరాక్సైడ్, కొందరికి కొద్దికాలం యాంటీబయోటిక్, తీవ్రమైనవాటికి 1982 నుంచి వాడుకలో ఉన్న ఐసోట్రెటినాయిన్. ఈ చివరిదాని గురించి మన తల్లిదండ్రులలో భయం ఎక్కువ. భయపడవలసిన విషయం ఒకటి నిజంగా ఉంది: గర్భంలో ఉన్న బిడ్డకు అది తీవ్రమైన హాని చేస్తుంది, అందుకే గర్భం లేదని పరీక్ష చేసి, గర్భనిరోధం పాటింపజేస్తూ నిపుణుల పర్యవేక్షణలోనే ఇస్తారు. మందు ఆపి ఒక నెల గడిచాక ఆ ప్రమాదం ఉండదు. శాశ్వతంగా పిల్లలు పుట్టరన్న ప్రచారానికి ఆధారం లేదు. గల్ఫ్ లెక్కలు తెలిసినవారికి ఇంకో మాట: ఇక్కడి బీమా చాలావరకు గుంటల చికిత్సను అందం ఖాతాలో వేసి తోసిపుచ్చుతుంది. పదహారేళ్ల పిల్లకు అప్పుడే చేయించగలిగిన వైద్యం, ఇరవై ఆరేళ్లకు చేయించే లేజర్ సిట్టింగులలో ఒకదాని ఖరీదు కూడా కాదు.

సూజన్ సాంటాగ్ 1978లో ‘ఇల్‌నెస్ యాజ్ మెటఫర్’లో, రోగాన్ని రూపకాల నుంచి విడిపించి రోగంగానే చూడాలని వాదించింది. క్షయ, కేన్సర్ల విషయంలో ఆమెతో నాకు పేచీ లేదు. మచ్చను శీలానికి అంటగట్టిన మన వాడుక మీద కూడా ఆ వాదం చక్కగా పనిచేస్తుంది. కానీ ఔట్‌పేషెంటు గదిలో నా అనుభవం దానికి కొంత ఎదురు. పరుపు ముడి అన్న పోలిక చేసిన మేలు ఏ కరపత్రమూ చేయలేదు. మనకు పనికిరానిది చెడ్డ రూపకం; వస్తువు ఆకారాన్నీ కారణాన్నీ చూపించే రూపకం కాదు. సుశ్రుతుడు ఈ జబ్బును ముఖదూషిక అన్నాడు. ముఖాన్ని చెరిపేదని అర్థం, అందులో నింద ఉంది. కానీ అదే చోట ఆ పొక్కులను బూరుగుచెట్టు ముళ్లతో పోల్చాడు. అడుగు వెడల్పుగా, మొన సూటిగా ఉండే ఆ ముల్లును చూసినవారెవరూ ఆ పోలికను మరిచిపోరు. అరబ్బులు మొటిమలను హబ్ అల్ షబాబ్ అంటారు, యౌవనపు గింజలు. వాళ్ల భాషలో గాయపు మచ్చకు నదబ అని మాట. చచ్చినవారి కోసం ఏడ్చే ఏడుపుకూ అదే ధాతువు. మరకకు వేరే మాట ఉంది. నా దగ్గరికి వచ్చే ఈజిప్టు తల్లులు, సిరియా తల్లులు కూతురి ముఖం చూపిస్తూ ఆ రెండు మాటలనూ విడివిడిగా వాడడం విన్నప్పుడల్లా కొంచెం అసూయ కలుగుతుంది.

నిపుణులు మనకన్నా మెరుగని అనుకోనక్కరలేదు. 2006లో గుడ్‌మన్, బేరన్ రాసిన తీవ్రతా పట్టికలో మొదటి మెట్టు చదునైన రంగు మార్పే. అంటే మరకను వాళ్లూ మచ్చల్లోనే కలిపారు. అయితే ఆ పట్టికలో నాకు నచ్చిన అంశం ఒకటుంది. మచ్చ కనిపించే దూరాన్ని వాళ్లు కొలతగా తీసుకున్నారు. అర మీటరు దూరం నుంచి, అంటే ఇద్దరు మనుషులు మాట్లాడుకునేటంత దూరం నుంచి స్పష్టంగా కనిపిస్తే ఒక మెట్టు ఎక్కినట్టు. చర్మాన్ని వేళ్లతో సాగదీసినప్పుడు చదునైతే ఒక మెట్టు, కాకపోతే పై మెట్టు.

మరక, దబ్బనం పోటు, గూడు, పరుపు ముడి. నా దగ్గర ప్రస్తుతానికి ఇవే ఉన్నాయి. మూడవదానికి ఇంకా మంచి మాట ఉండి తీరాలి. శ్రీకాకుళంలోనో, పాలమూరులోనో, రాయలసీమలోనో మశూచి చూసిన తరంవారు ముఖం మీది గుంటలకు ఆకారాన్ని బట్టి వేర్వేరు పేర్లు వాడేవారేమో. మీ ఇంట్లో ఎనభై దాటిన పెద్దవాళ్లుంటే అడిగి, వాళ్లు వాడిన మాట ఉన్నదున్నట్టు నాకు రాయండి.